తొమ్మిదో గుంటలో లేని నౌక

వెలుగు 2

పొద్దున సూట్ల కీళ్లలో దుమ్ము దులిపాను. నీళ్ల వడపోత గుడ్డ మార్చాను. తోటకూర తట్టలు రెండూ దీపాల కింది నుంచి తీసి కిటికీ ఎండలోకి జరిపాను. చంద్రుడి మీద పగలు పద్నాలుగు రోజులు, చీకటి పద్నాలుగు రోజులు. అందుకని మా కొత్తరేవు స్థావరంలో ఎవరూ తేదీలు చెప్పుకోరు. వెలుగు ఒకటి, వెలుగు రెండు అంటారు.

చీకటి రోజుల చలికి మా ల్యాండింగ్ ప్యాడ్ పలకలు పగిలి ఒక మూల మోకాలి లోతు కుంగింది. వెలుగు పదకొండున యాభై ఎనిమిది మందితో నౌక రావాలి. దిగకుండా తిరిగి వెళ్లేంత ఇంధనం ఆ నౌకలో ఉండదు. మా బండి నడిపే మస్తానమ్మ చెల్లెలు కూడా అందులోనే వస్తోంది. కాబట్టి తొమ్మిది రోజుల్లో ఎక్కడో ఒకచోట కొత్త ప్యాడ్ సిద్ధం కావాలి.

స్థావరాధికారి సలీమా గారు అందర్నీ భోజనాల గదిలో కూర్చోబెట్టి, తూర్పు మిట్టకు అవతల, ఇక్కడికి తొమ్మిది కిలోమీటర్ల దూరంలో ఉన్న మైదానాన్ని ఎంచుకున్నానని చెప్పారు. దేవసహాయం మాష్టారు ఒప్పుకోలేదు. ఆ వైపంతా మెత్తనేల, బండి చక్రం దిగబడుతుందని ఇరవై ఎనిమిదేళ్ల కిందట పటంలో గీత గీసింది ఆయనే. ఆ గీత దాటి మా బండ్లు ఎప్పుడూ వెళ్లలేదు. కానీ పోయిన వెలుగులో మస్తానమ్మ రాళ్ల కోసం వెళ్లి, దారి తప్పి దక్షిణం నుంచి చుట్టి ఆ మైదానం అంచు దాకా పోయివచ్చింది. ఎదురెండలో దూరం కనిపించలేదు గానీ, నేల సిమెంటు వేసినంత గట్టిగా ఉందని చెప్పింది. సలీమా గారు ఆ మాట పట్టుకున్నారు.

అయితే తానే వెళ్లి చూసి వస్తానన్నారు మాష్టారు. ఆయనకు డెబ్బై ఒకటి. ఎముకలు గుల్లబారాయని డాక్టరు ఆయన్ని బయటికి పంపడం మానేసి ఆరేళ్లయింది. అందుకని నేను వెళ్తున్నాను.

నా పని అదే. ఎవరైనా తవ్వే ముందు, కట్టే ముందు, దిగే ముందు, ఆ నేల మీద అంతకుముందు ఏది దిగిందో చూసి చెప్పాలి. మనిషి ఇక్కడికి పంపిన నౌకల్లో కొన్ని నిలబడ్డాయి, కొన్ని బోర్లాపడ్డాయి, కొన్ని ముక్కలై చెల్లాచెదురయ్యాయి. వాటి చోట్లన్నీ రాసిపెట్టే పుస్తకం ఒకటుంది. నూట పన్నెండు నౌకలున్న ఆ చోట్ల పుస్తకంలో అరవై మూడింటిని వెతికి పట్టుకున్నది మాష్టారే. ఫొటోలో నౌక కోసం వెతక్కు, నీడ కోసం వెతుకు అని నాకు నేర్పింది ఆయన. నన్ను ఇక్కడికి రప్పించిందీ ఆయనే.

తూర్పు మైదానం గురించి పుస్తకంలో ఏమీ లేదు. ఖాళీ నేల. ఆ ప్రాంతం పాత ఫొటోలు చెడిపోయాయని మాత్రం ఒక వాక్యం ఉంది. పైనుంచి ఫొటోలు తీసే ఉపగ్రహం పాడై తొమ్మిదేళ్లయింది కనుక కొత్తవి లేవు; అంతకుముందు తీసినవన్నీ చూసింది మాష్టారొక్కరే. నేల మీద వెళ్లి చూసి రావడమే.

వెలుగు 3

మిట్ట ఎక్కడానికి రెండు గంటలు పట్టింది. పైకి రాగానే మస్తానమ్మ బండి ఆపేసింది. నేను మ్యాపు చూసుకుంటున్నాను. ఆమె నా మోచేతిని తట్టి ముందుకు చూపించింది.

మైదానం మధ్యలో ఒక నౌక నిలబడి ఉంది.

నాలుగు పొడుగు కాళ్లు. పక్కన సన్నని పొడుగాటి నీడ. అలాంటి నౌకల్ని కొంగలనేవాళ్లు. ఇక్కడికి మనుషుల మొదటి బృందం రాకముందే, ఒక సరుకు సంస్థ పంపితే వచ్చి సరుకులు దింపినవి. మొత్తం ఆరు కొంగలు వచ్చాయి. అయిదింటి చోట్లు నేను చూసినవే. నాలుగోది మాత్రం ఇక్కడికి ఆరు కిలోమీటర్ల ఉత్తరాన తొమ్మిదో గుంటలో పడి ముక్కలైందని పుస్తకంలో ఉంది. ఆ గుంట అడుగున ఎన్నడూ ఎండ పడదు. దిగి చూసినవాళ్లు లేరు.

దగ్గరికి వెళ్లాక దాని పొట్ట మీద అంకె చదివాను. నాలుగు.

ముక్కలైందన్న నౌక ముప్పై అడుగుల ఎత్తున నిలబడి ఉంది. ఒక కాలు కొంచెం వంగింది, అంతే. పైన ఉండవలసిన యాంటెన్నా విరిగి కింద పడి ఉంది. తలుపు తెరిచి ఉంది. తలుపు నుంచి కిందికి నిచ్చెన ఉంది. సరుకు నౌకకు నిచ్చెన ఎందుకని మస్తానమ్మ అడిగింది. నిచ్చెన చివరి మెట్టు కింద నేలను చూశాను. మా ఇద్దరి అడుగులు ఇంకా అక్కడికి చేరలేదు. కానీ అక్కడ అడుగులున్నాయి.

ఇక్కడ గాలి లేదు, వాన లేదు. నిన్నటి అడుగూ వెయ్యేళ్ల కిందటి అడుగూ ఒక్కలాగే ఉంటాయి. అవి ఎప్పటివో చెప్పలేను. మనిషివని మాత్రం చెప్పగలను.

రేడియోలో సలీమా గారికి చెప్పాను. ట్యాంకులో పాత ఇంధనం మిగిలి ఉంటే, దిగే నౌక మంటకు ఎగిరే రాళ్లు తగిలి పేలుతుందని ఆమెకు వెంటనే అర్థమైంది. ప్యాడ్‌ను దక్షిణపు చదునుకు మార్చారు. అక్కడ రాళ్లు ఎక్కువ. వంటవాళ్లతో సహా అందరూ రేపటి నుంచి రాళ్లు ఏరాలి. ఆ సంస్థ సరుకు నౌకల్లో మనుషులు రాలేదు కదా అని ఆమె రెండుసార్లు అడిగారు. నేను పుస్తకంలో ఉన్నది చెప్పాను. మనిషి లేని నౌక.

తిరిగి వచ్చేసరికి మాష్టారు గాలిగది తలుపు దగ్గర నిలబడి ఉన్నారు. నన్ను తన గదికి తీసుకెళ్లి, నౌక పడిపోయి ఉందా, నిలబడి ఉందా అని అడిగారు. నిలబడి ఉందన్నాను. తలుపు సంగతి అడిగారు. తెరిచి ఉందన్నాను. ఆ తర్వాత, అప్పట్లో ఫొటోలు సరిగ్గా లేవనీ, తన లెక్క ఆరు కిలోమీటర్లు తప్పిందనీ, అదే పుస్తకంలో రాయమనీ చెప్పారు.

అరవై మూడు నౌకల్ని పట్టుకున్న మనిషి తన తప్పు తానే ఒప్పుకుంటున్నాడని నాకు జాలేసింది. అడుగుల సంగతి ఆయన దగ్గర ఎత్తలేదు. ఆయన చెప్పినట్టే రాశాను: "కొంగ-4. చోటు సవరణ. కారణం: లెక్క పొరపాటు."

వెలుగు 4

ట్యాంకు చూడటానికి మళ్లీ వెళ్లాం. మస్తానమ్మ బండి నడపడమే కాదు, మా గాలి యంత్రాలు బాగుచేసేదీ ఆమే. ఆమె నౌకలోకి ఎక్కింది. నేను కింద కొలతలకు దిగాను.

నౌకకు తూర్పున నేల గీకి ఉంది. మూడడుగుల వెడల్పున, పైపొర తీసేసిన ముదురు పట్టీ. కొంత దూరం నేరుగా వెళ్లి వంపు తిరిగింది, మళ్లీ లోపలికి చుట్టుకుంది. చివర ఒక పెట్టె మూత పడి ఉంది. ఎవరో దాన్ని లాక్కుంటూ గీకారు. ఏదో హద్దు అనుకున్నాను. చోటు గుర్తించే పరికరం నా నడకను గీతగా నమోదు చేస్తుంది కనుక, ఆ పట్టీ అంచునే నడుచుకుంటూ పోయాను. ఒక పట్టీ అయిపోతే కొంచెం దూరంలో ఇంకొకటి. అలా మూడు గంటలు నడిచాను. వాటి పక్కన, పది అడుగుల పొడుగున చిన్న గీతలు వరసగా ఉన్నాయి. సూటులో గాలి తగ్గడంతో వాటిని లెక్కపెట్టలేదు.

అప్పుడే మస్తానమ్మ నౌకలోంచి పిలిచింది. లోపల ఒక కుర్చీ ఉంది. బెల్టు ఉంది. తిన్న పొట్లాలు మడతపెట్టి ఒక మూల దొంతరగా పేర్చి ఉన్నాయి. సరుకు పెట్టెలు విప్పి ఉన్నాయి. వాటిలో వచ్చిన గాలి యంత్రాన్ని ఎవరో అక్కడే, ఆ ఇరుకులోనే బిగించారు. మనిషి మాత్రం లేడు. మస్తానమ్మ యంత్రం ముందు మోకాళ్ల మీద కూర్చుని, దాని పంపు మీద చెయ్యి పెట్టింది.

"ఇది పగిలిపోయుండాదే. కుర్చీ కమ్మీ కోసి, పగులు చుట్టూ పట్టీ మాదిరి బొందె చేసి, అతికించుకున్నాడు. నా చేతిలో అన్ని సామాన్లున్నా నేను ఇట్ట చెయ్యలేను. ఎవడో పెద్ద ఫిట్టరు, వకుళమ్మా."

యంత్రం పక్కన గోడ మీద మేకుతో గీకిన పేరుంది. పి. చెంగల్రాయుడు, సూళ్లూరుపేట.

బండిలోకి వచ్చి హెల్మెట్ తీశాను. నేను నడిచిన దారి ఎలా వచ్చిందో చూద్దామని తెర వెలిగించాను. హద్దు కాదు. పటం కాదు. అక్షరాలు. ఒక్కొక్కటి ఎనభై అడుగుల పొడవున, పైనుంచి చూసేవాడి కోసం రాసిన తెలుగు అక్షరాలు.

దేవా
ఉన్నా
గాలి 19 రోజులు

మస్తానమ్మ నా భుజం మీదుగా చదివింది. కొత్తరేవులో దేవసహాయం గారిని ఎవరూ పేరు పెట్టి పిలవరు, మాష్టారనే అంటాం. ఆయన్ని దేవా అని పిలిచినవాడు ఒకడున్నాడనీ, ఆ పిలుపు మీద నేను మూడు గంటలు నడిచాననీ అర్థమయ్యాక తెర ఆపి, మస్తానమ్మను బండి తిప్పమన్నాను.

వెలుగు 5

రాత్రి అనుకున్న గంటల్లో నిద్ర పట్టలేదు. పొద్దున రాళ్లు ఏరే పనికి అందరూ వెళ్లాక మాష్టారి గదికి వెళ్లి, నా నడక గీసిన కాగితం బల్ల మీద పెట్టాను.

ఆయన దాన్ని చేత్తో ముట్టుకోలేదు. కొత్తగా చూసే మొహం కాదు అది. ఆ కాగితంలో ఏముందో చూడకుండానే చెప్పగలిగిన మొహం. అప్పుడు తెలిసింది నాకు. ఆయన లెక్క తప్పలేదు.

అడగకుండానే చెప్పారు. చెంగల్రాయుడూ ఆయనా సూళ్లూరుపేటలో ఒకే బడిలో చదువుకున్నారు. ఈయన ఫొటోలు చదివే పనిలో చేరాక, ఆ సరుకు సంస్థలోనే చెంగల్రాయుణ్ణి ఫిట్టరుగా పెట్టించారు. మొదటి బృందం దిగేలోగా గాలి యంత్రం బిగించి ఉండాలని సంస్థ ఒక మనిషిని ముందే పంపాలనుకుంది. సరుకు నౌకలో మనిషిని ఎక్కించడానికి అనుమతి లేదు. నెల రోజులు అందులో గడిపితే బృందం వచ్చి కలుస్తుంది, ఆ తర్వాత లోకానికి చెప్పవచ్చు అన్నారు. చెంగల్రాయుడు సరేనన్నాడు.

దిగేటప్పుడు నౌక దారి తప్పింది. యాంటెన్నా విరిగింది, మాట ఆగిపోయింది. అది ఎక్కడ దిగిందో పట్టుకునే పని ఈయనకిచ్చారు. మూడో రోజు ఫొటోలో పట్టుకున్నారు. నీడ కంటే ముందు తన పేరు కనిపించిందట. ఆ ఫొటోలు చూసేది ఎవరో చెంగల్రాయుడికి తెలుసు. అందుకే తెలుగులో రాశాడు. ఆ ఆఫీసులో తెలుగు చదవగలిగినవాడు ఈయన ఒక్కడే.

సంస్థవాళ్లు ఈయన్ని కూర్చోబెట్టి మాట్లాడారు. పందొమ్మిది రోజుల్లో అక్కడికి చేరగల నౌక భూమి మీద లేదు. మనిషిని దొంగచాటుగా పంపిన సంగతి బయటపడితే మొదటి బృందం ప్రయాణమే ఆగిపోతుంది. ఎలాగూ బతకని మనిషి కోసం ఇంత పని చెడగొట్టుకుంటామా అన్నారు. ఈయన కొంగ-4 తొమ్మిదో గుంటలో పడి ముక్కలైందని రాసి సంతకం పెట్టారు. అక్షరాలున్న ఫొటోలు చెరిపేశారు. చెంగల్రాయుడు ఉద్యోగం మానేసి ఎటో వెళ్లిపోయాడని ఇంట్లోవాళ్లకు ఉత్తరం పంపారు. అతనికి రెండేళ్ల కూతురు ఉందట.

ఆ తర్వాత కూడా ఫొటోలు వచ్చేవి. రోజుకో గీత పెరిగేది. పదకొండో గీత చూశాక ఈయన వాటిని తెరవడం మానేశారు. ఇంకో రెండు రోజులకు అక్కడ చీకటి పడింది.

యంత్రం అతని దగ్గరే ఉంది కదా, బిగించుకుంటాడని అనిపించలేదా అని అడిగాను. యంత్రం పగిలి ఉంటుందని, అందుకే పందొమ్మిదని రాశాడని అనుకున్నారట.

"పందొమ్మిది రోజుల్లో ఎవురూ పోలేరమ్మా. నేను రాసినా రాయకపోయినా వాడు బతికేవాడు కాదు. ఇరవై ఎనిమిదేళ్లుగా ఆ ఒక్క మాట పట్టుకొని బతుకుతుండా. ఆ పుస్తకంలో పొరపాటనే ఉండనీ."

మనిషి నౌకలో లేడని మాత్రం చెప్పాను. ఆయన తలెత్తి నా వైపు చూశారు.

వెలుగు 6

బండిలోంచి దిగకూడదనే షరతు మీద డాక్టరు మాష్టార్ని పంపడానికి ఒప్పుకున్నారు. సలీమా గారికి అంతా చెప్పాను. ఆమె బండి ఇచ్చారు. రాళ్లు ఏరే పనిలోంచి మస్తానమ్మను పంపారు.

దారిలో మస్తానమ్మ ఆయనతో మాట్లాడలేదు. ప్రతి రోజూ తన చేత్తో ఆయనకు టీ ఇచ్చే మనిషి.

మైదానంలోకి దిగి గీతల వరస పక్కనే బండిని నెమ్మదిగా పోనిచ్చింది. మాష్టారు కిటికీకి నుదురు ఆనించి కూర్చున్నారు. పెదవులు కదులుతున్నాయి, లెక్కపెడుతున్నారు. పదకొండు దాటింది. పద్నాలుగు నుంచి గీతలు వంకరగా ఉన్నాయి, చీకట్లో దీపం పెట్టుకుని గీకినవి. పందొమ్మిది వచ్చింది. బండి ఆగలేదు. గీతలు కూడా ఆగలేదు. ఇరవై. ఇరవై ఒకటి. ఆయన ముందుకు వంగి, మస్తానమ్మ కుర్చీ వెనక భాగం పట్టుకున్నారు. ఇరవై ఎనిమిది, ఇరవై తొమ్మిది. అక్కడ నుంచి గీతలు మళ్లీ తిన్నగా ఉన్నాయి. అతనికి తెల్లవారింది.

ముప్పై నాలుగు గీతలున్నాయి.

"ముప్పై ఒకటో రోజు మేము దిగినాం," అన్నారు మాష్టారు.

నాకు ముందు అర్థం కాలేదు. తర్వాత అర్థమైంది. కొత్తరేవుకు మొదటి బృందం దిగింది చెంగల్రాయుడు దిగిన ముప్పై ఒకటో రోజున. ఆ బృందంలోని ఎనిమిది మందిలో దేవసహాయం మాష్టారు ఒకరు. దిగిన చోటు ఇక్కడికి తొమ్మిది కిలోమీటర్లు. ఆ రోజే వాళ్లు బండి దింపారు. మర్నాడు ఆ బండిలో పడమటి వైపు పన్నెండు కిలోమీటర్లు తిరిగి వచ్చారని స్థావరం చరిత్రలో నేనే చదివాను. తూర్పుకు రాలేదు. తూర్పున మెత్తనేల ఉందని గీత గీసింది అప్పుడే. శవాన్ని చూడలేక గీశానని ఆయన నిన్న చెప్పారు.

శవం కాదు. అప్పటికి మనిషి బతికే ఉన్నాడు.

ముప్పై ఒకటో గీత పక్కన పడమటికి పెద్ద బాణం గుర్తు ఉంది. మొదటి బృందం నౌక మంట అతనికి కనిపించి ఉంటుంది. ఇలాంటి నల్లటి ఆకాశంలో అది కనిపించకుండా పోదు. బాణం మొన నుంచి అడుగుజాడలు మూడు వరసలు మిట్ట వైపు వెళ్లాయి. మస్తానమ్మ అడగకుండానే బండిని వాటి వెంట తిప్పింది.

మొదటి వరస మూడు కిలోమీటర్లు వెళ్లి వెనక్కి తిరిగింది. రెండోది కూడా అంతే దూరం వెళ్లి, వెనక్కి తిరిగే చోట మోకాళ్ల గుర్తులున్నాయి. అప్పటి తేలిక సూటులో గాలి రెండు గంటలే సరిపోతుందని మస్తానమ్మ చెప్పింది. పోవడానికి గంట, రావడానికి గంట. మిట్ట దాటాలంటే తిరిగి రాలేడు.

మూడో వరస వెనక్కి తిరగలేదు.

మేం అంతకుముందు దాటిన దారికి చాలా ఎడంగా, మిట్ట పైకి ఇంకా ఎనభై అడుగులుందనగా ఒక రాయి ఉంది. దానికి వీపు ఆనించి కూర్చుని ఉన్నాడు. సూటు మీద దుమ్ము తప్ప ఏ మార్పూ లేదు. చేతిలో పెట్టె రేకుతో చేసిన ఒక పలక ఉంది, అద్దంలా రుద్ది మెరిసేలా చేసినది. మిట్ట ఎక్కితే ఎండను మా వైపు తిప్పి చూపడానికి కాబోలు.

నేనూ మస్తానమ్మా దిగాం. ఆమె అతని ముందు కూర్చుని, మెడ దగ్గర సూటు కొక్కెం సరిగ్గా ఉందో లేదో చూసింది, మేం బయటికి వచ్చేముందు ఒకరికొకరం చూసుకున్నట్టే. తర్వాత తన గ్లౌజు అతని గ్లౌజు మీద పెట్టింది.

బండి కిటికీలో మాష్టారి మొహం కనిపిస్తోంది. రేడియో తెరిచే ఉంది. ఆయన ఊపిరి చప్పుడు నా చెవుల్లో వినిపిస్తూ ఉంది. తిరుగు దారిలో మిట్ట ఎక్కాం. ఎనభై అడుగులు. పైకి రాగానే కొత్తరేవు కప్పులన్నీ ఎండలో కనిపించాయి. మాష్టారు కళ్లు మూసుకున్నారు.

వెలుగు 7

ఏమీ రాయలేను. రాళ్లు ఏరాను. పది గంటలు ఏరాను.

వెలుగు 8

పొద్దున ఆఫీసుకు వెళ్లేసరికి మాష్టారు చోట్ల పుస్తకం ముందు కూర్చుని ఉన్నారు. నేను వెలుగు మూడున రాసిన "లెక్క పొరపాటు" అన్న మాట కొట్టేసి ఉంది. దాని కింద తన చేతిరాతతో రెండు పేజీలు రాశారు. చదివి తప్పులుంటే దిద్దమన్నారు. ఎప్పుడూ నా రాతలు ఆయన దిద్దేవారు.

అందులో దాచింది ఏమీ లేదు. ఎవరు అడిగారు, ఏ రోజు సంతకం పెట్టారు, ఏ ఫొటోలు చెరిపారు, అన్నీ ఉన్నాయి. తనకు అనుకూలమైన మాట ఒక్కటీ లేదు. పందొమ్మిది రోజుల మాట కూడా రాయలేదు. చివర నౌక దిగిన చోటు, మనిషి కూర్చున్న చోటు, రెండూ అడుగుల లెక్కన సరిగ్గా వేశారు. నేను మళ్లీ కొలిచి చూశాను. ఒక్క అడుగు కూడా తప్పలేదు.

మిగిలిన అరవై రెండు చోట్లనూ మళ్లీ పరీక్షించమని ఆయనే అడిగారు. తన సంతకాన్ని ఇక నమ్మకూడదన్నారు. ఆ మాట విని నేను గదిలోంచి బయటికి వచ్చేశాను. ఆయన మీద కోపమో, ఆయన కోసం బాధో తెలియలేదు. నాకు నీడలు చూడటం నేర్పిన మనిషి ఆయన. అలా నేర్పడమూ, ఆ సంతకం పెట్టడమూ ఒకే మనిషి చేసిన పనులని ఇప్పటికీ నమ్మలేకపోతున్నాను.

సలీమా గారు ఆ రెండు పేజీలు భూమికి పంపారు. విచారణకు ఆయన్ని వెనక్కి తీసుకెళ్లాలా అన్నది అక్కడివాళ్లు తేలుస్తారు. ఆయన ఎముకలు ఆ ప్రయాణాన్ని తట్టుకోవని డాక్టరు అంటున్నారు. రమ్మంటే వెళ్తానని మాష్టారు అన్నారు.

వెలుగు 11

నౌక దక్షిణపు చదును మీద దిగింది. యాభై ఎనిమిది మందీ క్షేమం. మస్తానమ్మ గాలిగదిలోకి పరుగెత్తి చెల్లెల్ని పట్టుకుంది. చాలాసేపు వదల్లేదు. ఆ అమ్మాయికి కారణం తెలియదు, మళ్లీ మళ్లీ ఏమైందక్కా అని అడుగుతోంది.

మిట్టకు అవతలి మైదానం చుట్టూ తాడు కట్టాం. దాని మీద ఇక ఎవరూ నడవరు. నౌక దిగినప్పుడు ఎగిరిన దుమ్ము అక్కడిదాకా వచ్చిందేమోనని వెళ్లి చూశాను. రాలేదు. అక్షరాలు అలాగే ఉన్నాయి.

వెలుగు 12

చెంగల్రాయుడి కూతుర్ని పట్టుకున్నాం. పేరు మునిలత. ముప్పై ఏళ్లు. నాయుడుపేటలో మోటార్లు బాగుచేసే కొట్టు నడుపుతోంది. ఆమెకు ఎవరు చెప్పాలన్న మాట వచ్చినప్పుడు, చోటు పట్టుకున్నది నేను కనుక నేనే చెబుతానన్నాను.

మాట వెళ్లి రావడానికి మూడు సెకన్లు పడుతుంది. ఆ మూడు సెకన్లూ ప్రతిసారీ భరించాలి. ముందు ఆమె నమ్మలేదు. వాళ్ల నాన్న ఇల్లు వదిలి వెళ్లిపోయాడనే పెరిగింది. ఆయన పేరు ఇంట్లో ఎవరూ ఎత్తేవారు కాదట. వాళ్లమ్మ కూడా అలాగే నమ్మి, ఆ నమ్మకంతోనే చనిపోయిందట. గోడ మీద అతను గీకిన పేరు గురించి చెప్పాను. పంపు గురించి చెప్పాను, కుర్చీ కమ్మీ కోసి ఎలా అతికించాడో మస్తానమ్మ చెప్పినట్టే చెప్పాను. అప్పుడు ఆమె వివరంగా అడగడం మొదలుపెట్టింది. ఎటువైపు కోశాడు, బొందె ఎంత మందం, దేంతో బిగించాడు. పనివాళ్లు అడిగే ప్రశ్నలు. అన్నీ విన్నాక, బాగా చేశాడు, అంది.

ముప్పై నాలుగు గీతల గురించి చెప్పాను. మిట్ట గురించి, ఎనభై అడుగుల గురించి చెప్పాను. దాచలేదు. ఎక్కడ ఉన్నాడో చెప్పడానికే ఫోన్ చేశాను, సగం చోటు చెప్పి ఊరుకోలేను.

మూడు సెకన్లు దాటాయి. పదీ దాటాయి.

"ఆ గీతలు పైనించి కనపడేవా?"

కనపడేవన్నాను.

"ఎవురైనా చూసినారా?"

ఒకాయన పదకొండు రోజులు చూశాడన్నాను. ఆ తర్వాత చూడటం మానేశాడన్నాను. ఆయన పేరు చెప్పాను. నేల మీద రాసిన మొదటి మాట కూడా ఆ పేరేనని చెప్పాను.

"ఆయన ఉండాడా?"

ఉన్నాడన్నాను. పక్క గదిలో, తలుపు తెరుచుకుని, నేను పిలుస్తానేమోనని పొద్దున్నుంచీ కూర్చుని ఉన్నాడని చెప్పాను.

ఈసారి మూడు సెకన్లకే జవాబొచ్చింది.

"ఫోన్ ఆయనకియ్యి."

ఇచ్చాను.